బురుజు కనపడే కన్ను

మా ఊరి బురుజుకు ముఖం ఒకటే. అది కూడా ఊరి వైపు కాదు. మా ఇంటి వాకిట్లో నిలబడి చూస్తే గుట్ట నెత్తిన నల్లగా, పొగచూరిన కుండ మాదిరి కనిపిస్తుంది. అదే మీరు కంబదూరు నుంచి వచ్చే బస్సులో మలుపు దగ్గర దిగి తలెత్తి చూడండి, తెల్లగా మెరిసిపోతుంటుంది. ఒక పక్కంతా సున్నం, రెండో పక్కంతా ఉత్త రాయి. కొత్తగా వచ్చినవాళ్ళు సున్నం చాలక సగంలో ఆపేశారేమో అనుకుంటారు. చాలకేం కాదు, మా పద్ధతే అది. ఊర్లో ఉన్నవాడికి ఊరి గుర్తెందుకు? బయట తిరిగేవాడికి కదా కావలసింది.

మా నేల ఎట్లాంటిదో చెప్పాలి. ఎటు తిరిగినా ఎర్రమట్టి, రాళ్ళగుట్టలు, సీమతుమ్మ. ఒక గుట్టకూ ఇంకో గుట్టకూ తేడా తెలియదు. వాన ఏ చుట్టమో వచ్చిపోయినట్టు వచ్చి పోతుంది, గడ్డి ఎక్కడ ఉంటే జీవాలను అక్కడికి తోలుకుపోవాలి. ఆ పోవడంలో ఎంత దూరం వచ్చామో మనిషికి తెలియదు. వేసవిగాలి లేచి ఎర్రదుమ్ము కమ్ముకుందంటే మన చెయ్యి మనకే కనిపించదు. దుమ్ము దిగాక మొదట బయటపడేది ఆ తెల్లటి బురుజే. పాళెగాళ్ళ కాలంలో దొంగలను కనిపెట్టడానికి కట్టారని అంటారు. దొంగలూ పోయారు, పాళెగాళ్ళూ పోయారు, బురుజు మాత్రం మా మేకలకూ గొర్రెలకూ దారి చూపుతూ మిగిలింది.

ఒకసారి మా పొదుపు సంఘం ఆడవాళ్ళమంతా సముద్రం చూడడానికి విశాఖ వైపు పోయాం. అక్కడ కొండ అంచున ఒక పాత దీపస్తంభం ఉంది. రాత్రిపూట పడవలవాళ్ళు దాన్ని చూసుకునే ఒడ్డుకు వస్తారని, వెలుగు సముద్రం వైపే పోతుంది గానీ ఊరి వైపు పడదని అక్కడి మనిషి ఒకాయన చెప్పాడు. మేమంతా ఒకరి ముఖం ఒకరు చూసుకుని నవ్వాం. ఈ మాట మాకు కొత్తా? మా అత్త అయితే నడుము మీద చెయ్యి పెట్టుకుని ఆ స్తంభాన్ని పైనుంచి కింది దాకా చూసి, దీనికి సున్నంలో నీలిమందు ఎవరు కలుపుతారని అడిగింది. పెయింటు కొడతారమ్మా అన్నాడాయన. ఆమెకు ఆ జవాబు నచ్చలేదు. బస్సెక్కాక కూడా ఆ ఎరుపూ తెలుపూ చారలను తప్పుపడుతూనే ఉంది.

ఎందుకంటే మా ఊర్లో ఆ పని ఆమెది. ఏటా ఉగాది దాటాక, గాలులు లేవకముందే, ఊరంతా కలిసి బురుజుకు సున్నం కొడతాం. ప్రతి ఇంటి నుంచీ కొంచెం సున్నం వచ్చి ఒక పెద్ద గంగాళంలో పడుతుంది. సున్నం రాలకుండా బెల్లం నీళ్ళు పోస్తారు. చివర మా అత్త నీలిమందు మూటకట్టిన గుడ్డను గంగాళంలో ముంచి ఒక్క తిప్పు తిప్పుతుంది. సున్నంలో నీలిమందు ఇసుమంత పడితేనే తెలుపు తెలుపుగా నిలుస్తుంది, లేకపోతే పాతగోడ మాదిరి పచ్చబడుతుంది. ఆమె సున్నం చుక్కను బొటనవేలి గోటి మీద వేసుకుని, ఎండలో అటూ ఇటూ తిప్పి చూసి, చాలు అనేది. ఆమె చాలు అనేదాకా ఎవరూ కుంచె ముంచరు. ఆమె మేకలు కాచే మనిషి, రోజంతా ఆ తెలుపును చూసుకుంటూ తిరిగేది ఆమే, కాబట్టి తెలుపు ఎంతుండాలో ఆమె మాటే చెల్లేది.

అట్లాంటి మనిషి మూడేళ్ళ కింద ఒకరోజు మేకలు తోలుకొచ్చి, దోటి గోడకు ఆనించి, ఈసారి సున్నం మజ్జిగనీళ్ళ మాదిరి కొట్టారని తిట్ల దండకం ఎత్తుకుంది. దోటి అంటే చెట్ల కొమ్మలు వంచి మేకలకు ఆకు అందించే పొడుగు కర్ర, చివర చిన్న కొడవలి ఉంటుంది. నేను నిజమేనేమో అనుకున్నాను. తరవాతి ఏడు చిక్కగా, రెండుసార్లు కొట్టించాం. మళ్ళీ అదే తిట్టు. అప్పటికి నాకు అర్థమైంది, పల్చబడింది సున్నం కాదు. కంట్లో పొర వచ్చింది. ఆ మాట ఆమెతో అనే ధైర్యం ఎవరికుంది? పిల్లి మెడలో గంట కట్టేదెవరు?

దాని వెనక ఒక కట్టుబాటు ఉంది. మలుపు దగ్గర నిలబడి బురుజును చూడలేని కంటికి మా ఊర్లో జీవాలు అప్పగించరు. ఈ నియమం ఎందుకొచ్చిందో చెప్పుకుని ఇప్పటికీ నవ్వుకుంటాం. పూర్వం చూపు ఆనని ఒక ముసలాయన గొర్రెల వెంట పోయి పోయి, పొద్దుగూకే వేళకు ఏదో ఊరు కనిపిస్తే ఇల్లు చేరాననుకుని, ఒక గుమ్మం ముందు నిలబడి కాళ్ళకు నీళ్ళు తెమ్మని కేకేశాడట. లోపలి నుంచి కన్నడంలో తిట్లు వచ్చాయట. గొర్రెలన్నీ క్షేమంగానే తిరిగొచ్చాయి గానీ, ఆయన మళ్ళీ దోటి పట్టలేదు.

మా ఆయన తల్లికి ఏ మాట చెప్పాలన్నా నీళ్ళు నములుతాడు. అయినా ఒకరోజు ఎట్లనో ఆమెను మలుపు దగ్గరికి తీసుకుపోయాడు. నన్నూ రమ్మన్నాడు, సాక్ష్యానికి. బురుజు కనపడుతోందా అని అడిగితే, బ్రహ్మాండంగా కనపడుతోంది అంది. పైన ఏముంది అని అడిగితే, ఒక క్షణం ఆలోచించి, కాకి కూర్చుంది అంది. పైన ఉన్నది నా ఎర్రచీర. నాకు మాటైనా చెప్పకుండా పొద్దున్నే పోయి జెండా మాదిరి కట్టొచ్చాడు మహానుభావుడు. అది చీర అని చెప్పగానే ఆమె వెనక్కి తిరిగి ఇంటి దారి పట్టింది. నా చీర సంగతి నేను ఆ రోజు ఎత్తలేదు, మరుసటి రోజు ఎత్తాననుకోండి.

మేకలు నా నెత్తిన పడ్డాయి. నేను ఇంట్లో మిషన్ పెట్టుకుని జాకెట్లు కుట్టే మనిషిని. మేకల వెనక తిరగడం నా వల్ల అయ్యే పనేనా? గుట్ట మీద బండ నీడన కూర్చుని హుక్కులు కుట్టుకోవచ్చులే అనుకుని సంచిలో జాకెట్లు పెట్టుకుపోయాను. ఒక పెళ్ళికూతురి జాకెట్ చెయ్యిని నల్లమేక నమిలేసింది. ధర్మవరం పట్టుచీరకు జోడు జాకెట్ అది. పెళ్ళివాళ్ళు నన్నేమన్నారో ఇక్కడ రాయలేను. ఊర్లో వాళ్ళయితే, జాకెట్ కుట్టించుకోవాలంటే గుట్టెక్కి రావాలా అని నన్ను చూసినప్పుడల్లా అడిగేవాళ్ళు. నల్లమేక మందకు పెద్ద. అది ఏ రోజూ నా మాట వినలేదు. పొద్దున దొడ్డి తీయగానే నేరుగా మా అత్త కూర్చున్న అరుగు దగ్గరికి పోయి నిలబడేది, ఆమె తోకను ఒక చరుపు చరిస్తే గానీ కదిలేది కాదు.

అత్తా కోడళ్ళం మేమేమీ పాలూ తేనే కాదు. ఇరవై ఏళ్ళుగా ఉప్పు ఎక్కువైందని ఆమే, కారం తక్కువైందని నేనూ. కానీ ఆ ఏడాది ఆమె నన్ను తిట్టడం మానేసింది. కూరలో ఉప్పు వేయడం మరిచిపోయినా మాట్లాడకుండా తిని చెయ్యి కడుక్కునేది. అరుగు మీద కూర్చుని, మేకల గంటలు గుట్ట మలుపు తిరిగి వినపడకుండా పోయేదాకా చెవి అటే పెట్టేది. అది చూస్తే నాకు ఏడుపొచ్చేది. తిట్టే మనిషి తిట్టకుండా ఉంటే ఇల్లు ఇల్లులా ఉండదు.

ఆపరేషన్ అంటే ఆమెకు భయం. అది బయటికి చెప్పదు. ఉన్న మసక చూపు కూడా పోతే అరుగు దాకా కూడా ఒకరు చెయ్యి పట్టుకోవాలి కదా, అది ఆమె భయం. నెలల తరబడి బతిమాలాం. చివరికి ఒకరోజు అన్నం తింటూ తింటూ ఒప్పుకుంది, కొడుకుకు ఒక షరతు పెట్టి.

“సరే, కుడి కన్ను చేపిస్తా. అయినాక మలుపు కాడ నిలబడి చూస్తా. బురుజు కనపడితే మేకలు నావి. కనపడకపోతే మేకలు అమ్మేయండి, రెండో కన్ను జోలికి రావద్దండి. మళ్ళా ఈ మాట నా దగ్గర ఎత్తగూడదు.”

మా ఆయన నా వైపు చూశాడు. నేను తల ఊపాను. మేకలు అమ్మేస్తే నాకు సుఖమే కదా అని మీరు అనుకోవచ్చు. మేకలు లేని మా అత్త ఎట్లా ఉంటుందో ఆ ఏడాదిలో చూశాను, ఆ సుఖం నాకు వద్దు.

అనంతపురంలో ఆపరేషన్ అయింది. దుమ్ము పడకూడదన్నారు కాబట్టి నెల రోజులు అక్కడే మా ఆడబిడ్డ ఇంట్లో ఉండి చుక్కలు వేయించుకుంది. డాక్టరు చూపు బాగా వచ్చిందన్నాడు. ఫోన్లో అడిగితే మా అత్త మాత్రం, గోడ మీద బల్లి కనపడితే అది చూపా, దూరం సంగతి బురుజు చెప్పాలి అంది. ఇంతలో ఉగాది దాటింది. ఆమె వచ్చే ముందురోజే బురుజుకు సున్నం కొట్టాలని, తెలుపు ధగధగలాడిపోవాలని మా ఆయన ఊరందరితో చెప్పాడు. ఆమె షరతు ఊరంతటికీ తెలుసు. గంగాళం గుట్ట మీదికి ఎక్కుతుండగానే నేను ఆమెను తీసుకురావడానికి బస్సెక్కి అనంతపురం పోయాను.

తిరుగు బస్సులో ఆమెకు కిటికీ పక్క సీటు. నల్ల కళ్ళద్దాలు పెట్టుకుని, దారి పొడుగునా ఒకటే చూపు. గుట్టల మీద గాలిమరలు కనిపిస్తే, ఇవి ఎవరికి విసురుతున్నాయి అని అడిగింది. ఎవరి చేనో చూసి, దున్నకుండా వదిలేశాడే సోమరిపోతు అని తిట్టింది. ఆ తిట్టు వినగానే నాకు ప్రాణం లేచొచ్చింది. అంతలో నా వైపు తిరిగి, అద్దాలు ముక్కు మీదికి జార్చి, నా ముఖంలోకి చాలాసేపు చూసింది.

“నీకు వెంట్రుకలు నెరిసినాయి గదమ్మే. ఎప్పటి నుంచి?” అంది.

మీ మేకలు తగులుకున్నప్పటి నుంచి అన్నాను. ఆమె నవ్వింది. నవ్వి, నా చెవి పక్క వెంట్రుకలను కొంగులోకి దోపింది. పెళ్ళయి వచ్చిన కొత్తలో తప్ప ఆమె నన్ను అట్లా ముట్టుకున్నది నాకు గుర్తులేదు.

మలుపు దగ్గర దిగేసరికి ఎండ నడినెత్తికి వస్తోంది. బస్సు లేపిన దుమ్ము అణిగేదాకా ఆమె కళ్ళు మూసుకుని నిలబడింది. తరవాత కొంగుతో ముఖం తుడుచుకుని, నల్లద్దాలు తీసి నా చేతికిచ్చి, తలెత్తింది. నేను ఆమె ముఖమే చూస్తున్నాను. ఆ ముఖంలో ఏమీ వెలగలేదు. కళ్ళు చికిలించింది. చెయ్యి అడ్డం పెట్టింది. ఇటు రెండడుగులు, అటు రెండడుగులు వేసింది. ఈసారి కాకి అనలేదు, జెండా అనలేదు.

“గుట్ట కనపడ్తాండాది. గుట్ట మీద రాళ్ళు కనపడ్తాండాయి. పైన ఏమీ లేదమ్మే,” అంది మెల్లగా.

అప్పుడు నేను తలెత్తి చూశాను. నిజంగానే పైన ఏమీ లేదు. గుట్ట ఉంది, దాని మీద ఆకాశం ఉంది, మధ్యలో బురుజు ఉండాల్సిన చోట గాలి ఉంది. నిన్నటి దాకా ఉన్న బురుజు ఏమైపోయింది? కూలిపోయిందా? లేకపోతే సూదిలో దారం ఎక్కించీ ఎక్కించీ నా కళ్ళే పోయాయా? నాకూ కనపడడం లేదత్తా అన్నాను.

ఆమె నా వైపు తిరిగిన తీరు చూడాలి. జాలిపడి అబద్ధం చెప్తున్నానని ఆమె కోపం. నీ జాలి తీసుకుపోయి గాడిపొయ్యిలో పెట్టుకో, నేను ఒప్పుకున్న మాట ఒప్పుకున్నట్టే, మేకలు అమ్మేయండి అని, రోడ్డు పక్క రాయి మీద కూలబడింది. నేను ఒట్టు మీద ఒట్టు వేస్తున్నాను, ఆమె వినడం లేదు. నడిరోడ్డు మీద ఎండలో, కనపడడం లేదంటే కనపడడం లేదని అత్తాకోడళ్ళం పోట్లాడుకుంటున్నాం. అంతకు ముందెప్పుడూ మేము ఒకే మాట మీద ఉండి పోట్లాడుకోలేదు.

ఉన్నట్టుండి ఆమె మాట ఆపేసి మళ్ళీ పైకి చూసింది. రాయి మీద నుంచి లేచింది.

“ఆకాశంలో మేక ఉండాదే,” అంది.

ఎండ గానీ తలకెక్కిందేమో అనుకున్నాను. చూస్తే నిజంగానే గుట్ట నెత్తిన, నేలకు పైన, ఉత్త గాల్లో ఒక నల్లటి చుక్క కదులుతోంది. నాకు చుక్కే. ఆమెకు చుక్క కాదు. అది మన నల్లమేక అంది. రెండడుగులు వేస్తోంది, నిలబడుతోంది, వెనక కుడికాలు ఆనించడం లేదు, దాని కాలికి ఏం చేశారు మీరు అని నా మీదికి లేచింది. ఆ రోజు మేకలతో పోయింది మా ఆయన. మేక కాలి సంగతి నాకేం తెలుసు? ఫోన్ చేశాను. రెండో రింగుకే ఎత్తి, పొద్దున రాళ్ళలో ఇరుక్కుని నల్లమేకకు కాలు బెణికిందని, అది మాట వినకుండా ఊరి వైపు విరిగిన మెట్ల గుండా బురుజు నెత్తికెక్కి కూర్చుందని, దించలేక చస్తున్నానని, అమ్మకు మాత్రం ఇప్పుడే చెప్పొద్దని గుసగుసగా చెప్పాడు. ఆమె నా చెవి పక్కనే ఉంది. నేను ఫోన్ ఆమెకే ఇచ్చాను.

ఆమె కొడుకును ఏం తిట్టిందో నేను వినలేదు, నవ్వాపుకోలేక ఒళ్ళో సంచి పెట్టుకుని రోడ్డు మీదే కూర్చున్నాను. కన్ను వచ్చింది. మా అత్తకు కన్ను వచ్చింది. మేక కాలు కుంటడం కనపడిన కంటికి బురుజు కనపడకపోవడమేమిటి? మేక ఎక్కి కూర్చున్న బురుజు ఎక్కడ?

మా ఆయన పరుగెత్తుకుంటూ వచ్చి, మా పక్కన నిలబడి, గుట్ట వైపు తిరిగి నోరు తెరిచాడు. అప్పుడు తేలింది అసలు సంగతి. ముందురోజు నీలిమందు కలిపే చెయ్యి ఊర్లో లేదు. అమ్మ కంటికి బాగా ఆనాలి అని మా ఆయన ఒక పొట్లం వేశాడు. పక్కింటామె, పాపం పెద్దమ్మ కోసమని ఇంకో పొట్లం. పై వీధి వాళ్ళు, కింద వీధి వాళ్ళు, ఎవరికి వాళ్ళు ఇంటి నుంచి పొట్లం తెచ్చి, ఎవరికీ చెప్పకుండా గంగాళంలో వేశారు. తిలా పాపం తలా పిడికెడు అంటారే, మా ఊర్లో అది ప్రేమతో జరిగింది. కొట్టేటప్పుడు నీలంగానే కనిపించిందట, తడి ఆరితే తెల్లబడుతుందిలే అనుకున్నారట. ఆరింది. తెల్లబడలేదు. ఆ ముఖం ఊరి వైపుంటే పొద్దున లేవగానే తెలిసేది. బయటికి పోయేవాళ్ళకు బురుజు వీపు వెనక ఉంటుంది కాబట్టి వాళ్ళకూ తెలియలేదు. తిరిగొచ్చేవాళ్ళకే కదా అది కనపడేది, ఆ రోజు మొదట తిరిగొచ్చింది మేమే. ఆకాశం రంగు బురుజు ఆకాశంలో కలిసిపోయి కూర్చుంది.

మా ఆయన దొంగకు తేలు కుట్టినట్టు నిలబడ్డాడు. తరవాత చేతిలోని దోటి తల్లికి అందించాడు. మేక కాలు అంత దూరం నుంచి చూసింది, ఇంకేం పరీక్ష కావాలి? ఆమె తీసుకోలేదు.

“బురుజు కనపడినాకనే,” అంది. “మాట మాటే నాయనా. కట్టుబాటు చూస్తే ఇప్పుడు ఊర్లో ఎవురికీ జీవాలియ్యగూడదు. ఈ పొద్దు ఎవురికి కనపడ్తాండాది బురుజు?”

పొద్దు వాలేసరికి ఊరంతా నవ్వుతూనే ఉంది. పొట్లం వేసినవాళ్ళంతా ఒక్కొక్కరే వచ్చి ఒప్పుకున్నారు. ఒకామె అయితే రెండు వేశానని ఏడ్చింది కూడా. సంఘం ఆడవాళ్ళు సముద్రం దగ్గర చూసిన చారలు వేద్దామా అంటే మా అత్త వాళ్ళ వైపు ఒక చూపు చూసింది, వాళ్ళు మళ్ళీ ఆ మాట ఎత్తలేదు. బయట ఇంకా తిరుగుతున్న గొర్రెలవాళ్ళకు ఫోన్లు చేసి, ఈ రాత్రికి బురుజును నమ్మొద్దు, రోడ్డు పట్టుకుని రండి అని చెప్పాం. వాళ్ళు ఫోన్లోనే పడీ పడీ నవ్వారు.

మరుసటి రోజు పొద్దున గంగాళం గుట్ట కిందికి వచ్చింది. మా అత్త నీలిమందు గుడ్డ ముంచి ఒక్క తిప్పు తిప్పింది. చుక్కను గోటి మీద వేసుకుని ఎండలో తిప్పి చూసింది. మూడేళ్ళుగా ఆమె ఆ పని అలవాటుతో చేసింది, ఆ రోజు కంటితో చేసింది. గోటిని ముఖం దగ్గరికి తెచ్చుకుని, దూరంగా పట్టుకుని, మళ్ళీ దగ్గరికి తెచ్చుకుని, చిన్నపిల్ల మాదిరి నవ్వుకుంది. చాలు అంది. మగవాళ్ళు నిచ్చెనలు ఎత్తుకున్నారు. మేమిద్దరం మలుపు దగ్గరికి నడిచి, ఆ రాయి మీదే కూర్చున్నాం.

తడి సున్నం తెల్లగా ఉండదు, మీకు తెలిసే ఉంటుంది. ఆరే కొద్దీ తేలుతుంది. అందుకే వాళ్ళు కొట్టడం అయిపోయినా చాలాసేపు మాకు ఆకాశం ఆకాశంగానే ఉంది. మా అత్త చేతులు రెండూ ఒళ్ళో పెట్టుకుని కదలకుండా కూర్చుంది. ఆమె వేళ్ళు మాత్రం కొంగు చివరను మెలి తిప్పుతున్నాయి. మేక కనపడింది కదా, ఇంకా భయమెందుకు అంటే ఏం చెప్పాలి? ఆమెకు ఉంది, అది చూసి నాకూ ఉంది.

“వస్తాండాది,” అంది ఆమె.

నాకేమీ కనపడలేదు. ఆమె పై వరస వచ్చింది అంది. తరవాత నాకు గాల్లో ఒక తెల్లటి గీత కనిపించింది. ఎండ తగిలే కొద్దీ ఆ గీత కిందికి దిగుతోంది. ఎవరో ఆకాశంలో నుంచి బురుజును బయటికి లాగుతున్నట్టు, ఒక్కొక్క రాయి వరసా తేలుతోంది. ఆమె ఒక్కొక్క వరసా పైకి చెప్తోంది, నేను వెనక వెనక చూస్తున్నాను. చివరికి బురుజు బురుజంతా వచ్చి గుట్ట మీద నిలబడింది. ఎన్నోసార్లు చూసిన బురుజే. అయినా లేచి నిలబడి చూశాను.

ఫోన్ మోగింది. మా ఆయన. ఊరివాళ్ళంతా ఆయన చుట్టూ ఉన్నట్టున్నారు, ముందు గోలగోలగా వినపడి, తరవాత ఒక్కసారిగా నిశ్శబ్దమైంది. కట్టుబాటు ప్రకారం అడగాల్సిన మాట అడిగాడు. అమ్మా, బురుజు కనపడుతోందా?

ఆమె కంటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. కన్ను చికిలించి చూసింది.

“ఎడమ పక్క తుపాకీ కన్నం కింద చెయ్యంత రాయి వదిలేసినావు నాయనా,” అంది. “అది పూసిరా పో.”

ఫోన్లో అడుగుల చప్పుడు. ఎవరో నిచ్చెన జరిపారు. తరవాత ఊరు ఊరంతా ఒక్కసారి నవ్విన నవ్వు వినపడింది. ఆ నవ్వు ఫోన్లో ఒకసారి, గుట్ట మీద నుంచి గాల్లో పల్చగా ఇంకోసారి మాకు చేరింది.

కాసేపటికి మా ఆయన చేతులకు, చొక్కాకు సున్నంతో, ముందు మేకలను తోలుకుంటూ వచ్చాడు. నల్లమేక కుంటుతూనే అందరికన్నా ముందుంది. అది నేరుగా ఆమె దగ్గరికి వచ్చి వీపు తిప్పి నిలబడింది. ఆమె వంగి దాని కాలు పట్టుకుని చూసి, కొంగు చింపి కట్టు కట్టి, తోక మీద ఒక చరుపు చరిచింది. మా ఆయన దోటి రెండు చేతులతో పట్టుకుని ఇచ్చాడు. ఈసారి తీసుకుంది. రేపటి నుంచి పోవచ్చు కదమ్మా, ఎండగా ఉంది అన్నాడు. మేకలు ఎండ చూసుకుని తింటాయా అని అడిగి, నా సంచిలోని నీళ్ళసీసా లాక్కుని, నల్లద్దాలు పెట్టుకుని, రోడ్డు దాటింది. పోతూ పోతూ సాయంత్రం కూరలో ఉప్పు చూసి వేయమని నాతో చెప్పింది.

మేకల గంటలు చాలాసేపు వినిపించాయి. సీమతుమ్మల్లోకి పోయేదాకా ఆమె ఒక్కసారి కూడా వెనక్కి తిరిగి బురుజును చూడలేదు. చూడాల్సిన పనేముంది, సాయంత్రం ఎట్లాగూ దానికి ఎదురుగానే కదా నడిచొస్తుంది.